వెనక గదిలో మధ్యాహ్నం

"కాలం ఎవరి సొంత ఆస్తీ కాదు! కాలం ముందు మేడా లేదు, పూరిల్లూ లేదు! ఎక్కడ కాలం చిరిగినా, అది ఎంతటివారి ఇల్లయినా సరే, క్షణం ఆలస్యం లేకుండా అత్యవసర పరిస్థితి ప్రకటించి తీరతాం!"

కాల భద్రతా శాఖ ముఖ్యాధికారిగారు ఏ సభలో మాట్లాడినా ఈ ముక్కతో మొదలుపెడతారు, ఈ ముక్కతోనే ముగిస్తారు. మధ్యలో మాటలు తడబడితే గ్లాసెడు నీళ్ళు తాగి మళ్ళీ ఇదే అంటారు. జనం చప్పట్లు కొడతారు. ఆయన చెయ్యెత్తి వారిస్తారు. వారిస్తే మరి కాసేపు కొడతారని ఆయనకి తెలుసు.

లోకం ఒక్కటే కాదన్న సంగతి ఇప్పుడు పసిపిల్లలకి కూడా కొత్త కాదు. ఒకే వీధిలో గోడలు కలిపి కట్టిన ఇళ్ళలాగా లోకాలు వరసగా ఉంటాయి. ఈ లోకంలో ఉన్న మనమే పక్క లోకంలోనూ ఉంటాం. అదే ముఖం, అదే ఇల్లు, అదే తల్లి. బతుకు మాత్రం ఎవరిది వాళ్ళదే. మధ్య గోడ పాతబడి అప్పుడప్పుడు చిరుగుతుంది. చిరిగిన చోట కాలం ముందుకి కదలదు. జరిగిందే మళ్ళీ జరుగుతూ ఉంటుంది. వెంటనే కుట్టకపోతే ఆ గది గదంతా, అందులో ఉన్న మనిషితో సహా, అటువైపుకి జారిపోతుంది. అక్కడ గదీ మనిషీ సుఖంగానే స్థిరపడతారట. ఇటువైపు మాత్రం గుమ్మం ఉన్న చోట గోడ మిగులుతుంది. కొన్నాళ్ళపాటు ఆ గోడకి చెవి ఆనిస్తే అవతలి మాటలు వినిపిస్తాయి. తర్వాత అవీ ఉండవు.

కుట్టడం బ్రహ్మవిద్యేమీ కాదు. ఏ వైపువాళ్ళు అలారం నొక్కినా దారి రెండువైపులా తెరుచుకుంటుంది. ఆ ఇంటి యజమాని గుమ్మానికి ఇటు, పక్క లోకంలో ఉన్న ఆయన అటు నిలబడాలి. ఒకరి చెయ్యి ఒకరు పట్టుకుని, "ఇతను నేనే" అని పైకి అనాలి. ఇద్దరూ అనాలి. అంతే, గోడ అతుక్కుంటుంది! ఖర్చు లేదు, నొప్పి లేదు. ఇంత సులువైన పనికి ఇంత పెద్ద శాఖ ఎందుకయ్యా అంటారా? ఆ ఒక్క మాట మనిషి నోట్లోంచి రప్పించడానికే!

ఎందుకంటే పరువున్నవాళ్ళెవరూ ఆ మాట అనరు. "పక్క లోకంలో మీవారేం చేస్తుంటారండీ?" అని అడిగితే మంచి కుటుంబాల్లో ఒకే జవాబు. "ఇక్కడ ఏదో అక్కడా అదేనండీ!" సంబంధాలు మాట్లాడుకునేటప్పుడు, ఇల్లు అద్దెకిచ్చేటప్పుడు, పిల్లల్ని బళ్ళో వేసేటప్పుడు, అన్నిచోట్లా ఇదే ప్రశ్న, ఇదే జవాబు. అడిగేవాడు నమ్మడు. చెప్పేవాడు నమ్ముతాడని అనుకోడు. అయినా ఇద్దరూ చిరునవ్వులు నవ్వుకుంటారు.

ముఖ్యాధికారిగారికి ఉద్యోగంలో అసలు మజా అక్కడే ఉండేది. మొన్నామధ్య నగల వ్యాపారి ఇంట్లో మేడమెట్ల దగ్గర కాలం చిరిగింది. అటునుంచి వచ్చినవాడు జేబుదొంగ! వీధి వీధంతా గుమిగూడింది. వ్యాపారి చెమటలు కక్కుతూ గొంతులోనే గొణిగాడు.

"వినపడలేదు," అన్నారు ముఖ్యాధికారిగారు, చేతులు వెనక్కి కట్టుకుని.

"ఇతను... నేనే..."

"గట్టిగా! మీకూ నాకూ కాదండీ, కాలానికి వినపడాలి!"

నిజానికి గుసగుసగా అన్నా చాలు, గోడ అతుక్కుంటుంది. ఆ సంగతి శాఖలో అందరికీ తెలుసు, ఆయనకి మరీ బాగా తెలుసు. వ్యాపారి చేత మూడు వీధులకి వినపడేలా అరిపించి గానీ వదల్లేదు. ఆ నెలే వ్యాపారి కొట్టు కట్టేసి ఊరు వదిలిపోయాడు. ముఖ్యాధికారిగారు ఆ కథ ఇంటికొచ్చిన ప్రతివాడికీ చెప్పి, కళ్ళనీళ్ళొచ్చేలా నవ్వేవారు.

అటువంటి మహానుభావుడి సొంత ఇంట్లో, వెనక గదిలో, కొన్ని వారాలుగా మధ్యాహ్నం కదలడం లేదు!

ఆ గది ఆయన తల్లిది. ముసలావిడ కిటికీ పక్కన పీట మీద కూర్చుని, ఒళ్ళోని గిన్నె మీద మూత తీస్తుంది. గుమ్మంవైపు తల తిప్పి, "తిన్నావా నాన్నా?" అంటుంది. మూత చేతిలోంచి జారి ఠంగుమని పడుతుంది. ఆవిడ వంగి మూత తీస్తుంది, గిన్నె మీద పెడుతుంది. మళ్ళీ తీస్తుంది. "తిన్నావా నాన్నా?" ఠంగ్! పొద్దున అంతే, రాత్రి అంతే. బయట కుండపోతగా వాన పడుతున్నా ఆ కిటికీలోంచి మాత్రం ఫెళఫెళలాడే ఎండ.

"పెద్దతనం," అని తేల్చేశారు ముఖ్యాధికారిగారు. "వయసొస్తే చెప్పిందే చెప్తారు."

"చెప్పిందే చెప్తే పెద్దతనం అనుకుందాం. మరి ఎండకి కూడా పెద్దతనమేనా?" అంది భార్య.

ఆయన గుమ్మానికి దళసరి తెర కట్టించారు. వ్యవహారం ముగిసింది! భార్య కొన్నాళ్ళు కన్నీళ్ళు పెట్టుకుంది. తర్వాత, సంసారం కదా, ఉతికిన బట్టలు ఆ గదిలో ఆరేయడం మొదలుపెట్టింది. వానాకాలంలో వీధంతా తడి బట్టల వాసన కొడుతుంటే ఈ ఇంట్లో దుప్పట్లు అప్పడాల్లా ఆరేవి. ముఖ్యాధికారిగారి చొక్కా మీద ముడత ఉండేది కాదు. ఆ చొక్కా వేసుకునే, "క్షణం ఆలస్యం లేకుండా" అని ఆయన ఉపన్యాసాలిచ్చేవారు.

ఇంతకీ ఆయన భయమేమిటంటారా? ఆయన రహస్యంగా ఎప్పుడో విచారించుకున్నారు. పక్క లోకంలో ఆయన సిటీబస్సు కండక్టరు.

సరిగ్గా ఆ వారమే సర్వలోక కాల మండలికి అధ్యక్షుడి పదవి ఖాళీ అయింది. అన్ని లోకాల మీదా పెత్తనం! ముఖ్యాధికారిగారి పేరు పైకొచ్చింది. మిగిలిందల్లా మండలి పెద్దగారూ, ఒక సభ్యురాలూ ఇంటికొచ్చి టీ తాగి, కుటుంబం ఎలాంటిదో చూసిపోవడమే. సోఫాకి కొత్త గలీబులు వచ్చాయి. మరకలున్న గోడకి ముఖ్యాధికారిగారి నిలువెత్తు ఫోటో వచ్చింది.

వాళ్ళు వచ్చే రోజున భార్య దుప్పటి ఆరేయడానికి వెనక గదిలోకి వెళ్ళి, దుప్పటి అక్కడే పడేసి పరిగెత్తుకొచ్చింది.

"ఏవండీ! చప్పుడు ముందొస్తోంది!"

"ఏం చప్పుడు?"

"మూతండీ! ఠంగుమన్న తర్వాత పడుతోంది!"

ముఖ్యాధికారిగారి చెయ్యి టై మీద ఆగిపోయింది. చప్పుడు ముందూ పడటం తర్వాతా అయిందంటే గది జారడానికి సిద్ధమైనట్టే. ఈ పాఠం ఆయనే రాసి, శాఖలో కొత్తగా చేరినవాళ్ళందరి చేతా బట్టీ పట్టించారు.

"అలారం నొక్కండి," అంది భార్య. "అలారం పెట్టె తాళంచెవి మీ జేబులోనే ఉంది కదా."

"నొక్కుతాను. నొక్కనని ఎవరన్నారు? సాయంత్రం వాళ్ళు వెళ్ళగానే నొక్కుతాను."

"సాయంత్రందాకా ఆగకపోతే?"

"నా ఇంట్లో ఆగకుండా ఎక్కడికి పోతుందే? నేను శాఖాధిపతిని!"

"ఆవిడ మీ అమ్మండీ."

"నేను కాదన్నానా? అమ్మే. సాయంత్రం కూడా అమ్మే కదా!"

భార్య వంటింట్లోకి వెళ్ళి టీ పెట్టింది. సగం పాలు పొయ్యి మీద ఒలికాయి.

మండలి పెద్దగారు వచ్చారు, సభ్యురాలు వచ్చింది. సోఫా బాగుందన్నారు, ఫోటో బాగుందన్నారు.

"ఊరికే, మామూలుగా అడుగుతున్నాననుకోండి," అన్నారు పెద్దగారు బిస్కెట్టు విరుస్తూ. "పక్క లోకంలో తమరు?"

"ఇక్కడ ఏదో అక్కడా అదేనండీ!" అన్నారు ముఖ్యాధికారిగారు. "ఆ మాటకొస్తే అక్కడ నేనింకా కాస్త స్ట్రిక్టట!"

ఠంగ్!

ముఖ్యాధికారిగారు గట్టిగా దగ్గారు. పెద్దగారు తాపీగా తలూపారు. మళ్ళీ ఠంగ్. మళ్ళీ దగ్గు. సభ్యురాలికి జాలేసింది.

"మిరియాలపొడి తేనెలో కలుపుకుని నాకండి," అంది.

"అలాగేనండీ, తప్పకుండా," అంటుండగానే ఇల్లంతా దద్దరిల్లేలా అలారం మోగింది. ముఖ్యాధికారిగారు జేబు తడుముకున్నారు. తాళంచెవి జేబులోనే ఉంది! అంటే నొక్కింది అటువైపువాళ్ళన్నమాట.

"డ్రిల్లండీ, డ్రిల్లు!" అన్నారు, నవ్వు పులుముకుని. "మా ఇంట్లో నేనే పెట్టించాను. క్రమశిక్షణ!"

తెర అటునుంచి ఎవరో లాగినట్టు చిరిగి కింద పడింది. గుమ్మంలోంచి ఎండ హాల్లోకి దూకింది. ఆ ఎండలో ఖాకీ చొక్కా, భుజాన తోలుసంచీ, మెడలో ఈల వేలాడేసుకుని ఒక మనిషి నిలబడ్డాడు. అదే ముక్కు, అదే బట్టతల, ఎడమ చెంప మీద అదే పుట్టుమచ్చ.

"జరగండి, జరగండి, ముందుకి జరగండి!" అన్నాడు హాల్లో వాళ్ళని చూస్తూనే. "గుమ్మానికి అడ్డం నిలబడొద్దు! ఎవరయ్యా ఇక్కడ ఇంటాయన? వారాలబట్టి గదిలో జరిగిందే జరుగుతుంటే నిద్రపోతున్నావా?"

ముఖ్యాధికారిగారు ఆ రెండు ముఖాల మధ్య తన ఫోటో ఒకటి వేలాడుతోందని అప్పుడు గుర్తొచ్చి, దానికి అడ్డంగా నిలబడ్డారు. ఒకటి దాచారు. మిగతా రెండింటినీ ఏం చేస్తారు?

కండక్టరు చూపు ట్రే పట్టుకుని నిలబడ్డ భార్య మీద పడింది. "అయ్యో పాపం! ఇక్కడ కూడా నీకు నేనే దొరికానా?" అన్నాడు.

భార్య తల దించుకుంది. నవ్వొచ్చిందో ఏడుపొచ్చిందో ఆవిడకే తెలియలేదు.

"ఈ మనిషి..." అన్నారు పెద్దగారు కళ్ళజోడు సర్దుకుంటూ. "అచ్చం మీలా ఉన్నాడే!"

"ఉంటారండీ. మంచి ముఖమైతే నలుగురికీ ఉంటుంది."

"ఏంటయ్యా నసుగుతావ్?" కండక్టరు గుమ్మంలోంచి చెయ్యి చాచాడు. "మూత చప్పుడు ముందొస్తోంది, వినట్లేదా? రా, చెయ్యి పట్టుకో. ఒక్క మాట అనేస్తే అయిపోతుంది. ఆ మాట అనడం నాకు మాత్రం సరదా అనుకున్నావా? మా బావమరిది వెనకే నిలబడున్నాడు. మా లోకంలో కాలశాఖ ఆఫీసరంటే ఎవడూ పిల్లనివ్వడు, తెలుసా! మనిషి పరువు మనిషే తీసే ఉద్యోగమని చీదరించుకుంటారు. నువ్వు ఇక్కడ కూడా బస్సులోనే ఉన్నావని ఇన్నాళ్ళూ అందరికీ చెప్పుకు చస్తున్నాను!"

వెనక గదిలో ఠంగుమంది. ఆ తర్వాత మూత జారి, చప్పుడు లేకుండా నేల మీద పడింది. "తిన్నావా నాన్నా?" అంది ముసలావిడ, గుమ్మంవైపు తిరిగి.

కండక్టరు గొంతు తగ్గించాడు. "మా అమ్మ పోయి చాలా ఏళ్ళయింది," అన్నాడు. "ఈ చిరుగు పుణ్యమా అని మళ్ళీ ఆ మాట విన్నాను. గది మావైపు జారితే నాకు మంచిదే కదా, నోరు మూసుకుని ఊరుకుందామనుకున్నాను. కానీ ఆవిడ నీ అమ్మ కూడా కదయ్యా! ఉన్న కొడుకు దగ్గర్నుంచి లాక్కుపోవడం తప్పనిపించింది. రా. చెవిలో చెప్పినా చాలట కదా, గుసగుసగా చెప్పు. నేను ముందంటాను." చాచిన చెయ్యి అలాగే ఉంచి, కళ్ళు మూసుకుని, వెనకనుంచి బావమరిది "ఏంటి బావా?" అంటున్నా వినిపించుకోకుండా అన్నాడు. "ఇతను నేనే."

హాల్లో అందరూ ముఖ్యాధికారిగారి వైపు చూశారు.

ఆయనకి తల్లి మీద ప్రేమ లేదని ఎవరైనా అంటే అది అన్యాయం. ఉంది. గొంతుదాకా వచ్చింది కూడా. కానీ పెద్దగారు చేతిలోని కప్పు సాసర్లో పెట్టకుండా, తాగకుండా పట్టుకుని చూస్తున్నారు. గుసగుసగా అన్నా పెదవులు కదలడం కనిపిస్తుంది కదా! ముఖ్యాధికారిగారు లెక్క వేసుకున్నారు. పదవి పోతే మళ్ళీ రాదు. అమ్మ పోయినా, గోడకి చెవి ఆనిస్తే కొన్నాళ్ళు వినిపిస్తుంది.

"ఈయన..." అన్నారు, గొంతు సవరించుకుని. "ఈయన పరిచయస్థుడండీ."

"మీరు ఆవిడ వైపు చూసి చెప్పండి!" అని అరిచింది భార్య. ట్రే ఎక్కడ పడేసిందో ఏమో, గుమ్మంవైపు పరిగెత్తింది. "అత్తయ్యా, లేచి రండి! అత్తయ్యా!"

ముసలావిడ వంగి మూత తీసుకుంటోంది. ఎండ ఒక్కసారి ముడుచుకుపోయింది. కండక్టరు చాచిన చెయ్యి, పీట, కిటికీ, నేల మీద పడేసిన తడి దుప్పటి, అన్నీ పక్కకి జరిగాయి. భార్య రెండు అరచేతులూ వెళ్ళి గోడకి తగిలాయి. అంతకుముందు అక్కడ గుమ్మం ఉండేదంటే ఎవరూ నమ్మరు. సున్నం కూడా కొత్తగా వేసినట్టు తెల్లగా ఉంది.

తర్వాత మండలి పెద్దగారు కప్పు కింద పెట్టి, లేచి వచ్చి, ముఖ్యాధికారిగారి రెండు చేతులూ పట్టుకుని ఊపారు.

"అభినందనలు, అధ్యక్షా!"

"నేనా?"

"మీరు కాక ఇంకెవరు? ఆ కండక్టరు మీరేనని మాకు ముందే తెలుసు. అన్నీ విచారించుకునే వచ్చాం. వాడు ఆ చెయ్యి చాచి నిలబడినప్పుడు, ఒప్పేసుకుంటారేమోనని నా గుండె గుబగుబలాడిపోయిందంటే నమ్మండి!"

"తెలిసి కూడా..." ముఖ్యాధికారిగారు నీళ్ళు నమిలారు. "అంటే, ఒప్పుకున్నా పదవి పోయేది కాదా?"

"పోయేది! తప్పకుండా పోయేది! కండక్టరయినందుకు కాదు, ఒప్పుకున్నందుకు. ఒకసారి ఒకడు ఒప్పుకుంటే రేపు అందరూ మమ్మల్ని అడుగుతారు. అబద్ధమని అందరికీ తెలిసిన మాటని, అంత నిబ్బరంగా, తల్లి ఎదురుగా అనగలిగిన మనిషి కోసమే ఇన్నాళ్ళూ వెతుకుతున్నాం."

"మా ఇంట్లో వంటగది పోయింది," అంది సభ్యురాలు, పెదవుల మీది బిస్కెట్టు పొడి తుడుచుకుంటూ. "మా అక్క అందులోనే ఉంది. అటువైపు నేను ఇళ్ళల్లో అంట్లు తోముకుంటానట. ఏమనమంటారు చెప్పండి? పరిచయస్థురాలన్నాను. మనవాళ్ళందరూ అదే మాటంటారు. మొదట్లో కాస్త కష్టంగా ఉంటుంది. దగ్గు మాత్రం అశ్రద్ధ చెయ్యకండి."

వాళ్ళు వెళ్ళారు. కబురు అప్పటికే వీధిలో పడింది. శాఖ సిబ్బంది పూలగుత్తులతో వాకిట్లో చేరి, "కాలం కోసం కన్నతల్లిని త్యాగం చేసిన మహనీయుడు" అని అప్పుడే ఒకరికొకరు చెప్పుకుంటున్నారు. లోపల భార్య ఆ తెల్లగోడ పక్కన నేల మీద కూర్చుంది. భర్త వైపు చూడలేదు.

"మాట్లాడుకుంటున్నారు," అంది.

ముఖ్యాధికారిగారు, క్షమించాలి, అధ్యక్షులవారు గోడకి చెవి ఆనించారు. అవతల ఎవరో బల్ల జరిపారు. తర్వాత తల్లి గొంతు వినిపించింది.

"తిన్నావా నాన్నా?"

"ఇప్పుడే తిన్నానమ్మా," అంది ఆయన గొంతే.

ఠంగుమని చప్పుడు వస్తుందని ఆయన ఎదురుచూశారు. రాలేదు. మూత గిన్నె మీద మెల్లగా కూర్చుంది. అక్కడ మధ్యాహ్నం దాటినట్టుంది. ఎవరో దీపం వేయమన్నారు. ముసలావిడ ఏదో అడిగి నవ్వింది. ఆ నవ్వు వినగానే అధ్యక్షులవారికి పొద్దుట్నుంచీ ఏమీ తినలేదన్న సంగతి గుర్తొచ్చింది. కళ్ళు మండాయి. ఆయన తలుపు గడియ వేసి వచ్చారు, కిటికీ రెక్క దగ్గరికి వేసి వచ్చారు. గోడకి పెదవులు ఆనించి నెమ్మదిగా అన్నారు.

"అమ్మా... అతను నేనే."

అవతల మాటలు ఆగాయి.

"ఎవరో పిలుస్తున్నారు చూడు," అంది తల్లి. "ఎవరు బాబూ? వినపడట్లేదు. కాస్త గట్టిగా చెప్పు!"

అధ్యక్షులవారు కిటికీ వైపు చూశారు. రెక్క సందులోంచి పూలగుత్తులు కనిపిస్తున్నాయి.

"చెప్పండి," అంది భార్య. "గట్టిగా చెప్పండి. కాలానికి వినపడాలి కదా!"

ఆయన చెప్పలేదు.

"ఎవర్రా అది, గోడవతల?" అంది తల్లి కొడుకుతో.

"మళ్ళీ ఆ మాట అనకు బావా!" అని ఎవరో గొణిగారు. పక్కన బావమరిది కూర్చుని ఉన్నాడు కాబోలు.

"ఎవరో లేమ్మా," అన్నాడు కండక్టరు. "పరిచయస్థుడు."